రెపో లింక్డ్ హోమ్ లోన్ రివ్యూ: కొన్నేళ్ళు కట్టాక చెప్తున్నా

మేము 2021 మధ్యలో తీసుకున్న హోమ్ లోన్ గురించి ఈ రివ్యూ. 50 లక్షలు, 20 ఏళ్ళు, ఫ్లోటింగ్ (మధ్యలో మారే) వడ్డీ, మా ఆయనా నేనూ జాయింట్‌గా, హైదరాబాద్‌లో నిజాంపేట వైపు డబుల్ బెడ్రూమ్ ఫ్లాట్ కోసం. బ్యాంకు పేరు రాయట్లేదు, ఎందుకంటే 2019 అక్టోబర్ నుంచి బ్యాంకులు ఇచ్చే కొత్త ఫ్లోటింగ్ హోమ్ లోన్లన్నీ బయటి రేటు ఒకదానికి లింక్ చేయాలని ఆర్బీఐ రూల్ పెట్టింది, ఎక్కువ బ్యాంకులు రెపోకే, అంటే ఆర్బీఐ బ్యాంకులకి అప్పిచ్చే రేటుకే, లింక్ చేశాయి, కాబట్టి బోర్డు మీద పేరు ఏదైనా లోపల సరుకు దాదాపు ఒకటే. మార్కులు ముందే ఇచ్చేస్తా: వడ్డీ రేటుకి ఐదుకి నాలుగు, పేపర్ వర్క్‌కి మూడు, మొత్తం ఎంత కడతామో మనకి అర్థమయ్యేలా చెప్పే విషయంలో ఒకటి. ఆ ఒకటి గురించే ఎక్కువ రాస్తున్నా, మిగతావి త్వరగా చెప్పేస్తా.

మాకు మొదట్లో 6.75 శాతానికి వచ్చింది. అప్పుడు రెపో 4 శాతం, దాని మీద బ్యాంకు మార్జిన్ 2.75. మా నాన్నకి ఫోన్ చేసి చెప్తే ఆయన లెక్కే వేరు కదా, నూటికి నెలకి ఎంత అని అడిగారు, 56 పైసలు నాన్నా అంటే "అర్ధరూపాయి వడ్డీకి అప్పు ఎవడిస్తాడమ్మా, కళ్ళు మూసుకుని తీసుకో" అన్నారు. ఆయనకి తెలిసిన అప్పంటే నోటు రాసి రెండు రూపాయల వడ్డీకి తేవడం, పంట చేతికి రాగానే తీర్చేయడం. రేటు విషయంలో ఆయన అన్నది కరెక్టే, ఇంత తక్కువ వడ్డీకి మనలాంటి వాళ్ళకి ఇంకెక్కడా డబ్బు పుట్టదు. కానీ ఇక్కడే అసలు విషయం ఉంది. రెండు రూపాయల వడ్డీకి లక్ష తెచ్చి రెండేళ్ళకి తీర్చేస్తే లక్షా 48 వేలు అవుతుంది. 8.5 శాతం అంటే 70 పైసల వడ్డీ, ఆ లక్షని 20 ఏళ్ళు ఈఎమ్ఐలుగా కడితే 2 లక్షల 8 వేలు అవుతుంది. వడ్డీ మూడో వంతే, మన జేబులోంచి పోయేది మాత్రం ఎక్కువ. హోమ్ లోన్‌లో ఖరీదైంది టెన్యూర్, అంటే ఎన్నేళ్ళు కడతామన్నది, బ్రాంచ్‌లో ఎవరూ దాని గురించి కూర్చోబెట్టి చెప్పరు, అందరూ రేటు గురించే మాట్లాడతారు.

ఇప్పుడు లోన్ తీసుకునేవాళ్ళ కోసం 50 లక్షలకి 8.5 శాతం మీద లెక్క రాస్తున్నా, ఏ ఈఎమ్ఐ కాలిక్యులేటర్‌లో అయినా వేసి చూసుకోవచ్చు. 20 ఏళ్ళకి ఈఎమ్ఐ 43,391, మొత్తం కట్టేది కోటీ 4 లక్షలు, అంటే వడ్డీయే 54 లక్షలు. అదే 30 ఏళ్ళకి పెట్టుకుంటే ఈఎమ్ఐ 38,446కి దిగుతుంది, చాలామందికి ఇక్కడే మనసు లాగుతుంది, నెలకి 5 వేలు మిగులుతుంది కదా అని. మొత్తం కట్టేది మాత్రం కోటీ 38 లక్షలు దాటుతుంది. నెలకి 5 వేలు తగ్గించుకోవడానికి 34 లక్షలు ఎక్కువ ఇస్తున్నాం అన్నమాట. ఇంకోవైపు 15 ఏళ్ళకి అయితే ఈఎమ్ఐ 49,237, వడ్డీ 38 లక్షల చిల్లర. 20కి 15కి మధ్య నెలకి 6 వేల లోపు తేడా, దానికి 15 లక్షలకి పైగా మిగులుతుంది. జీతం కుదిరితే ఆ 6 వేలు ఎక్కడో అక్కడ సర్దుకోండి, నా మాట నమ్మండి.

ఇంకోటి, కట్టేవాళ్ళలో కూడా చాలామందికి తెలియనిది. ఆ 43,391లో మొదటి నెల వడ్డీకే 35,417 పోతుంది, అసలులో తగ్గేది 7,974. ఐదేళ్ళు ఒక్క నెల కూడా తప్పకుండా కడితే 26 లక్షలు కట్టినట్టు, అసలు తగ్గింది 6 లక్షలు కూడా కాదు, ఇంకా 44 లక్షలు బాకీ చూపిస్తుంది. పదేళ్ళకి, అంటే సగం టైమ్ అయిపోయాక, బాకీ ఇంకా 35 లక్షలు. ఇందులో మోసం ఏమీ లేదు, మిగిలిన బాకీ మీద నెలనెలా వడ్డీ లెక్క కట్టడం అంటే అలాగే ఉంటుంది. కానీ ఆరేడేళ్ళ తర్వాత ఫ్లాట్ అమ్మేసి వేరే ఊరు వెళ్దాం అనుకునేవాళ్ళు ఈ లెక్క ముందే చూసుకోవాలి, అమ్మిన రేటులోంచి కొన్న రేటు తీసేసి లాభం అనుకుంటారు, కట్టిన వడ్డీ అందులో ఎవరూ వేయరు.

మా లోన్‌కి వస్తే, నాకు బాగా కోపం వచ్చింది 2022-23లో. 2022 మే నుంచి ఆర్బీఐ రెపో పెంచుకుంటూ పోయి 2023 ఫిబ్రవరికి 6.5 చేసింది, మా రేటు 6.75 నుంచి 9.25కి వెళ్ళింది. ఈఎమ్ఐ మాత్రం అదే 38,018 కట్ అవుతూ ఉంది. ఈఎమ్ఐ పెరగలేదు కదా అని చుట్టుపక్కల చాలామంది హ్యాపీగానే ఉన్నారు, మా ఆఫీసులో కూడా. కానీ 48 లక్షల బాకీ మీద 9.25 శాతం అంటే నెల వడ్డీయే 37 వేలు, 38 వేలు కడితే అసలులో తగ్గేది వెయ్యి. ఆ లెక్కన ఈఎమ్ఐ మార్చకుండా వదిలేస్తే లోన్ తీరడానికి ఇంకా 39 ఏళ్ళు పడుతుంది. యాప్‌లో లోన్ డీటెయిల్స్ ఓపెన్ చేస్తే చివరి ఈఎమ్ఐ తేదీ మా ఇద్దరి రిటైర్మెంట్ దాకా జరిగిపోయి ఉంది, మమ్మల్ని అడగలేదు, ఒక ఫోన్ లేదు, లెటర్ లేదు. బ్రాంచ్‌కి వెళ్ళి అడిగితే సిస్టమ్ ఆటోమేటిక్‌గా చేస్తుంది మేడమ్ అన్నారు. 20 ఏళ్ళకి సంతకం పెట్టిన మనిషికి చెప్పకుండా దాన్ని జరపడం ఏ రకంగానూ న్యాయం కాదు, సిస్టమ్ చేసినా ఇంకెవరు చేసినా. మేము రాసిచ్చి ఈఎమ్ఐని 45,200 చేయించుకున్నాం, టెన్యూర్ మళ్ళీ పాత తేదీకి వచ్చింది. నెలకి 7 వేలు ఎక్కువ, పిల్లల స్కూల్ ఫీజుల టైమ్‌లో గట్టిగానే తగిలింది, అయినా అదే కరెక్ట్.

ఇలాంటి కంప్లైంట్లు దేశమంతా ఉన్నట్టున్నాయి, 2023 ఆగస్టులో ఆర్బీఐ సర్క్యులర్ ఇచ్చింది. రేటు మారినప్పుడు ఈఎమ్ఐ పెంచాలా, టెన్యూర్ పెంచాలా, రెండూ కొంచెం కొంచెమా అని కస్టమర్‌ని అడగాలి, ఎప్పుడైనా పార్ట్ పేమెంటో పూర్తిగా తీర్చడమో చేసుకోనివ్వాలి, ఇప్పటిదాకా అసలు కింద ఎంత, వడ్డీ కింద ఎంత కట్టారో, ఇంకా ఎన్ని ఈఎమ్ఐలు ఉన్నాయో మూడు నెలలకోసారి స్టేట్‌మెంట్ ఇవ్వాలి. మీకు ఆ స్టేట్‌మెంట్ వస్తుందా? వస్తే మిగిలిన ఈఎమ్ఐల నంబర్ ఒక్కటి చూడండి చాలు, రాకపోతే అడిగి తీసుకోండి, అది మీ హక్కు. అలాగే 2024 అక్టోబర్ నుంచి కొత్త లోన్లకి కీ ఫ్యాక్ట్ స్టేట్‌మెంట్ అని ఒకటి ఇవ్వాలి, అందులో ఫీజులన్నీ కలిపిన అసలైన వార్షిక రేటు, నెలనెలా అసలు-వడ్డీ షెడ్యూల్ ఉంటాయి. శాంక్షన్ లెటర్ కంటే ముందు ఆ కాగితం చదవండి. మా టైమ్‌లో అది ఉండి ఉంటే నేను ఆ మూడో మార్కు ఒకటి దగ్గర ఆపేదాన్ని కాదు.

రేటు తగ్గేటప్పుడు కథ వేరే. 2025 ఫిబ్రవరి నుంచి రెపో దిగడం మొదలై జూన్‌కి 5.5 అయింది, మాది 8.25కి వచ్చింది, బాగానే ఉంది. కానీ అదే బ్యాంకు కొత్తగా వచ్చేవాళ్ళకి అంతకంటే బాగా తక్కువకి ఇచ్చింది, ఎందుకంటే మా మార్జిన్ 2.75 దగ్గరే ఉండిపోయింది, కొత్తవాళ్ళకి మార్జిన్ తగ్గించారు. వేరే బ్యాంకుకి ట్రాన్స్‌ఫర్ చేస్తాం అని మెయిల్ పెడితే కన్వర్షన్ ఫీజు (రేటు మార్చినందుకు తీసుకునేది) కట్టించుకుని మాకూ ముప్పావు శాతం తగ్గించారు. అడగకుండా మాత్రం ఎవరూ తగ్గించరు. 45 లక్షల బాకీ మీద ముప్పావు శాతం అంటే ఏడాదికి 33 వేల పైనే, ఒక మెయిల్‌కి అది చాలా ఎక్కువ.

బ్యాంకువాళ్ళు లోన్ అమ్మేటప్పుడు చేసే వ్యవహారాల్లో నాకు నచ్చనిది ఇన్సూరెన్స్. లోన్ శాంక్షన్ అయ్యే టైమ్‌కి లక్షన్నర సింగిల్ ప్రీమియం పాలసీ ఒకటి తెచ్చి, మీరేం కట్టక్కర్లేదు లోన్‌లో కలిపేస్తాం అంటారు. లోన్‌లో కలపడం అంటే దానికి కూడా 20 ఏళ్ళు వడ్డీ, 8.5 మీద ఆ లక్షన్నర 3 లక్షల 12 వేలు అవుతుంది. ఇంట్లో సంపాదించేవాళ్ళకి ఏమైనా అయితే అప్పు మిగతావాళ్ళ నెత్తిన పడకూడదు, అది నిజం, దానికి విడిగా టర్మ్ పాలసీ తీసుకోండి, బ్యాంకు దగ్గరే తీసుకోవాలని లేదు. మేము వద్దన్నాం, కాస్త మొహాలు మాడ్చుకున్నారు తప్ప లోన్ ఆగలేదు. మంచి విషయం కూడా చెప్పాలి, కొన్ని బ్యాంకులు ఆడవాళ్ళ పేరు మీద ఉంటే 0.05 శాతం తగ్గిస్తాయి, వినడానికి ఏమీ లేనట్టుంటుంది గానీ 50 లక్షల మీద 20 ఏళ్ళకి దాదాపు 38 వేలు.

ట్యాక్స్ కోసం లోన్ ఉంచుకోవాలి, తొందరగా తీర్చకూడదు అని మా బావగారు ఇప్పటికీ అంటారు. ఆయన మీద గౌరవంతోనే చెప్తున్నా, లెక్క అలా లేదు. పై ఉదాహరణలో మొదటి ఏడాది వడ్డీ 4.2 లక్షలు, మనం ఉండే ఇంటికి మినహాయింపు 2 లక్షల దాకే, అదీ పాత ట్యాక్స్ రెజీమ్‌లో ఉంటేనే. 30 శాతం స్లాబ్‌లో ఉన్నా, సెస్‌తో కలిపి మిగిలేది 62,400. కొత్త రెజీమ్‌లోకి వెళ్తే మనం ఉండే ఇంటి వడ్డీకి మినహాయింపే లేదు. 60 వేల కోసం 4 లక్షలు వడ్డీ కట్టడం ఎందుకు?

ముందే తీర్చడం గురించి. ఫ్లోటింగ్ రేటు హోమ్ లోన్ వ్యక్తులకి ఇస్తే పార్ట్ పేమెంట్ మీద, ఫోర్‌క్లోజర్ (గడువుకి ముందే పూర్తిగా తీర్చడం) మీద చార్జీ వేయకూడదు, ఈ రూల్ బ్యాంకులకి 2012 నుంచే ఉంది. ఈ ప్రొడక్ట్‌లో నాకు అన్నిటికంటే నచ్చింది ఇదే, నేను రేటుకి నాలుగు మార్కులు వేయడానికి ఇది కూడా కారణం. ఏడాదికి ఒక్క ఈఎమ్ఐ ఎక్కువ కడితే 20 ఏళ్ళ లోన్ మూడేళ్ళకి పైగా ముందే అయిపోతుంది, వడ్డీలో దాదాపు 10 లక్షలు మిగులుతుంది. జీతం పెరిగినప్పుడల్లా ఈఎమ్ఐని ఏడాదికి 5 శాతం పెంచుకుంటూ పోతే 12 ఏళ్ళ చిల్లరకే తీరిపోతుంది, మిగిలేది 19 లక్షలు. మేము రెండోది చేస్తున్నాం. పార్ట్ పేమెంట్ కట్టేటప్పుడు మాత్రం టెన్యూర్ తగ్గించమని రాసివ్వండి, కొన్నిచోట్ల ఏమీ చెప్పకపోతే ఈఎమ్ఐ తగ్గిస్తారు, అప్పుడు మిగిలేది చాలా తక్కువ. సిప్‌లో (నెలనెలా మ్యూచువల్ ఫండ్‌లో) వేస్తే 12 శాతం వస్తుంది కదా అనేవాళ్ళు ఉంటారు, రావచ్చు, రాకపోవచ్చు, లోన్‌లో కట్టిన రూపాయి మీద మన రేటు ఎంతో అంత వడ్డీ మిగలడం మాత్రం ఖాయం, దాని మీద ట్యాక్స్ కూడా లేదు. ఆరు నెలల ఖర్చులకి డబ్బు పక్కన పెట్టుకున్నాకే కట్టండి, కట్టిన డబ్బు కావాలంటే తిరిగి రాదు. అలా ఇబ్బంది పడేవాళ్ళకి ఓవర్‌డ్రాఫ్ట్ రకం లోన్ ఉంది, ఎస్బీఐలో మ్యాక్స్‌గెయిన్ లాంటివి, మిగిలిన డబ్బు ఆ అకౌంట్‌లో పెడితే అంతవరకు వడ్డీ పడదు, అవసరమైతే తీసుకోవచ్చు. రేటు కొంచెం ఎక్కువ ఉంటుంది. చేతిలో డబ్బు తరచూ ఆడే వ్యాపారస్తులకి బాగుంటుంది, జీతగాళ్ళకి అంత అవసరం లేదని నా అభిప్రాయం.

కట్టుబడిలో ఉన్న ఫ్లాట్లు కొనేవాళ్ళు ప్రీ ఈఎమ్ఐ సంగతి చూసుకోండి. బిల్డర్‌కి 40 లక్షలు రిలీజ్ అయ్యాక 8.5 మీద నెలకి 28,333 వడ్డీ ఒక్కటే కడుతూ ఉంటారు, మూడేళ్ళు లేటయితే 10 లక్షలు పోతాయి, అసలులో ఒక్క రూపాయి తగ్గదు, పైగా అప్పటిదాకా అద్దె కూడా కట్టాలి. బ్యాంకు ఒప్పుకుంటే మొదటి నుంచే ఫుల్ ఈఎమ్ఐ పెట్టించుకోండి.

ఇక లోన్ తీరిపోయాక. మా కజిన్ వాళ్ళది గతేడాది తీరింది, ఒరిజినల్ డాక్యుమెంట్లు ఇదిగో అదిగో అని తిప్పుతుంటే రూల్ నంబర్‌తో సహా రాసి ఇచ్చారు, తర్వాత కదలిక వచ్చింది. 2023 డిసెంబర్ నుంచి, పూర్తిగా తీర్చిన 30 రోజుల్లో కాగితాలన్నీ ఇచ్చేయాలి, వాళ్ళ వల్ల లేటయితే రోజుకి 5 వేలు మనకి కట్టాలి. కాగితాలతో పాటు బాకీ లేదని చెప్పే నో డ్యూస్ లెటర్ తీసుకుని, సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో మార్ట్‌గేజ్ రిలీజ్ కూడా చేయించి, తర్వాత కొత్త ఈసీ (ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్) తీసి అందులో బ్యాంకు ఎంట్రీకి ఎదురుగా రిలీజ్ పడిందో లేదో చూసుకోండి.