ఐసోట్రెటినాయిన్ కోర్సు: ముఖం బాగైంది కదా అని మధ్యలో ఆపేయొచ్చా?

తీవ్రమైన మొటిమలకు ఇచ్చే ఐసోట్రెటినాయిన్ క్యాప్సూళ్ల కోర్సు పూర్తి చేసి నాకు కొన్నేళ్లయింది. నావి మామూలు మొటిమలు కావు. దవడ వెంట, వీపు మీద చర్మం లోపల గడ్డకట్టి వారాల తరబడి ఉండిపోయే రకం. పైకి తల కూడా తేలేవి కావు. ఒక పక్కకు తిరిగి పడుకుంటే మాత్రం నొప్పికి మెలకువ వచ్చేసేది. పోతూ పోతూ గుంట మిగిల్చి పోయేవి. ఇప్పుడు ఆ గడ్డలు లేవు. ఎప్పుడైనా ఒక చిన్న మొటిమ లేస్తుంది, రెండు మూడు రోజుల్లో అణిగిపోతుంది.

ఈ మందు గురించి నన్ను అడిగేవాళ్లలో ఎక్కువమందిది ఒకటే ప్రశ్న. ఎన్ని నెలలు వాడాలి? చాలామందికి నాలుగు నుంచి ఎనిమిది నెలలు పడుతుంది. రోజువారీ డోసు తక్కువైతే ఏడాది దాకా వెళ్లొచ్చు. అయితే కోర్సు ఎప్పుడు ముగించాలన్నది ఒక్క అద్దం చూసి తేల్చుకునే విషయం కాదు. అప్పటికి ఒంట్లోకి మొత్తం ఎంత మందు వెళ్లిందన్నది కూడా చూడాలి. నేను ఈ సమీక్ష రాస్తున్నది ముఖ్యంగా ఈ మాట కోసమే.

దానికంటే ముందు యాంటీబయాటిక్ సంగతి చెప్పాలి. తీవ్రమైన మొటిమలున్న చాలామంది సమయం పోగొట్టుకునేది అక్కడే. మొదట చూపించుకున్న చోట నాకు డాక్సీసైక్లిన్ రాశారు. వేసుకున్నన్నాళ్లూ కొంత తగ్గేది, ఆపగానే తిరిగొచ్చేది. మళ్లీ అదే రాసేవాళ్లు. ముఖానికి రాసుకునే మందు ఏదీ తోడు ఇవ్వలేదు. తర్వాత తెలిసింది, అలా వాడకూడదని. మొటిమలకు నోటి ద్వారా వేసుకునే యాంటీబయాటిక్ సాధారణంగా మూడు నాలుగు నెలల మందు. బ్రిటన్‌కు చెందిన నైస్ సంస్థ 2021లో ఇచ్చిన మార్గదర్శకాల ప్రకారం 12 వారాల దగ్గర ఫలితం చూసుకోవాలి, ప్రత్యేక కారణం ఉంటే తప్ప 6 నెలలు దాటకూడదు. ఒంటరిగా కూడా ఇవ్వకూడదు. బెంజాయిల్ పెరాక్సైడ్ లాంటి పైపూత తోడుండాలి. లేకపోతే బ్యాక్టీరియా మందుకు లొంగకుండా తయారవుతుంది.

అలాగని పది రోజులు వేసుకుని పని చేయలేదని పారేయకూడదు. ఏ మొటిమల మందుకైనా ఆరు నుంచి ఎనిమిది వారాలు ఇస్తేగాని సంగతి తేలదు. మూడు నెలలు సరిగ్గా వాడినా కొత్త గడ్డలు లేస్తున్నాయంటే, గుంటలు పడుతున్నాయంటే, అదే చీటీ మళ్లీ రాయించుకోకండి. ఐసోట్రెటినాయిన్ నాకు పనికొస్తుందా అని డాక్టర్‌ని నేరుగా అడగండి. అమెరికన్ చర్మ వైద్యుల అకాడమీ 2024 మార్గదర్శకాల్లో ఒక మంచి మాట ఉంది. మొటిమల వల్ల మచ్చలు పడుతున్నా, మనసు బాగా కుంగిపోతున్నా దాన్ని తీవ్రమైన సమస్యగానే చూసి ఈ మందును పరిశీలించాలని. ఎన్ని గడ్డలున్నాయన్న లెక్క ఒక్కటే చూస్తే సరిపోదు. నా బుగ్గల మీద మిగిలిన గుంటల్లో చాలావరకు ఆ యాంటీబయాటిక్ కాలంలో పడ్డవే. ఆ బాధ నాకు ఇంకా ఉంది.

తర్వాత వెళ్లిన డెర్మటాలజిస్ట్ నన్ను బరువు చూసుకోమన్నారు. మొటిమలకు బరువెందుకో నాకప్పుడు అర్థం కాలేదు. ప్రిస్క్రిప్షన్ వెనక్కి తిప్పి లెక్క వేసి చూపించారు. ఈ మందును కిలో బరువుకు రోజుకు 0.5 నుంచి 1 మిల్లీగ్రాము చొప్పున ఇస్తారు. కోర్సు మొత్తం మీద కిలోకు 120 నుంచి 150 మిల్లీగ్రాములు వెళ్లేలా చూస్తారు. 60 కిలోల మనిషిని తీసుకుంటే మొత్తం 7,200 నుంచి 9,000 మిల్లీగ్రాములు. రోజుకు 40 మిల్లీగ్రాములు వేసుకుంటే కింది గీత చేరడానికి ఆరు నెలలు, పై గీతకు ఏడున్నర నెలలు. అదే 60 చొప్పున అయితే నాలుగైదు నెలల్లో ముగుస్తుంది. 20 చొప్పున అయితే కింది గీతకే ఏడాది. తొట్టి నిండాలి, కుళాయి ఎంత తిప్పామన్నదాన్ని బట్టి సమయం పడుతుంది, అంతే. అందుకే స్నేహితురాలికి ఐదు నెలల్లో అయిపోయింది, నాకేంటి ఇన్ని నెలలు అని పోల్చుకోవడంలో అర్థం లేదు.

ఈ అంకె రాతి మీద గీత కూడా కాదు. అది దాటాక కూడా కొత్త గడ్డలు వస్తుంటే కొనసాగించే డాక్టర్లున్నారు. ముఖం పూర్తిగా శుభ్రపడ్డాక ఇంకో నెలో రెండు నెలలో వాడించి ఆపేవాళ్లున్నారు. నా డాక్టర్ రెండూ చూశారు. మొత్తం డోసు చేరాలి, చివరి కొన్ని వారాల్లో కొత్త గడ్డ ఒక్కటీ రాకూడదు.

మొదటి నెల గురించి ముందే తెలిసుంటే టెన్షన్ తగ్గుతుంది. చాలామందికి మొదట్లో మొటిమలు పెరుగుతాయి. నాకూ పెరిగాయి, అదీ వీపు మీద బాగా. అందుకే తీవ్రమైన కేసుల్లో చిన్న డోసుతో మొదలుపెట్టి మెల్లగా పెంచుతారు. ఆ నెలలో ఆపేసినవాళ్లు మందు పడలేదని చెబుతుంటారు. నిజానికి అప్పటికి మందు సరిగ్గా పని చేయడం మొదలే కాలేదు. ఒకవేళ గడ్డలు పుండ్లుగా మారి, జ్వరం, కీళ్ల నొప్పులు వస్తే మాత్రం అదే రోజు డాక్టర్‌కి చెప్పాలి.

ఇక పెదాలు. లిప్ బామ్ రాయకుండా గంట గడిస్తే పై పొర గరుకుగా లేచిపోయేది. ఆవులిస్తే చాలు, మూలలు చిట్లి రక్తం కనిపించేది. మంచం పక్కన ఒకటి, బ్యాగులో ఒకటి, ఆఫీసు డ్రాయర్‌లో ఒకటి పెట్టుకున్నాను. ముక్కు లోపల ఎండిపోయి అప్పుడప్పుడూ రక్తం కారేది, రాత్రిపూట పల్చగా వ్యాజలీన్ రాస్తే తగ్గింది. కళ్లు మండి కాంటాక్ట్ లెన్సులు పక్కన పెట్టేశాను. పెదాలు ఎండకపోతే క్యాప్సూల్ సరిగ్గా వేసుకుంటున్నారా అని అడుగుతానని డాక్టర్ అన్నారు. అంత ఖాయంగా వచ్చే లక్షణమట అది. నడుము పట్టేయడం, చర్మం ఎండకు తట్టుకోలేకపోవడం కూడా ఉన్నాయి. సన్‌స్క్రీన్ మానకండి. కోర్సులో ఉండగా వ్యాక్సింగ్ వద్దు, చర్మం ఊడి వస్తుంది.

చాలామంది పట్టించుకోనిది ఇంకొకటి ఉంది. ఈ మందు కొవ్వుతో కలిస్తేనే సరిగ్గా ఒంటికి పడుతుంది. మామూలు క్యాప్సూల్‌ను ఖాళీ కడుపుతో వేసుకుంటే లోపలికి వెళ్లేది సగం దాకా పడిపోవచ్చు. అంటే కాగితం మీద లెక్క పూర్తవుతుంది, ఒంట్లో పూర్తవదు. నేను రోజులో బాగా తినే పూటకే పెట్టుకున్నాను, కోర్సంతా ఆ పూట మార్చలేదు.

ఆడవాళ్లకు అన్నిటికన్నా ముఖ్యమైన విషయం. ఈ మందు మీద ఉండగా గర్భం వస్తే బిడ్డకు మెదడు, గుండె, ముఖంలో తీవ్రమైన లోపాలు వచ్చే ముప్పు చాలా ఎక్కువ. కొద్దిరోజులు వేసుకున్నా ఆ ముప్పు ఉంటుంది. మొదలుపెట్టడానికి ఒక నెల ముందు నుంచి, ఆపిన ఒక నెల వరకు గర్భం రాకుండా చూసుకోవాలి. నాకు ప్రతి నెలా టెస్ట్ అయ్యాకే మందు రాసేవాళ్లు. కోర్సులో ఉన్నన్నాళ్లూ, ఆపాక ఇంకో నెలా రక్తదానం చేయకూడదు, మగవాళ్లయినా సరే. ఆ రక్తం గర్భిణికి ఎక్కొచ్చు. మిగిలిన క్యాప్సూళ్లు చెల్లెలికో స్నేహితురాలికో ఇవ్వడం అస్సలు వద్దు.

లివర్ పరీక్షలు, రక్తంలోని ట్రైగ్లిజరైడ్లనే కొవ్వుల పరీక్షలు మొదట్లోనూ మధ్యలోనూ చేయించారు. విటమిన్ ఎ మాత్రలు, డాక్సీసైక్లిన్ లాంటి టెట్రాసైక్లిన్ మందులు దీనితో కలిపి వేసుకోకూడదు. కలిపితే తల లోపల ఒత్తిడి పెరిగే ప్రమాదముంది. మనసు మీద ప్రభావం గురించి భయపెట్టే మాటలు చాలా వింటాం. పెద్ద సంఖ్యలో జనాన్ని పరిశీలించిన అధ్యయనాల్లో డిప్రెషన్ ముప్పు పెరిగినట్టు కనిపించలేదని 2024 మార్గదర్శకాలు చెబుతున్నాయి. అయినా మందు హెచ్చరికల్లో అది ఉంది. నేను మాత్రం ఇంట్లోవాళ్లకు ముందే చెప్పి పెట్టాను, నాలో ఏ మార్పు కనిపించినా నాకు చెప్పమని.

కోర్సు సగంలోనే ముఖం శుభ్రపడింది. కొత్త గడ్డ లేదు, చర్మం మీద జిడ్డు లేదు. పెదాల బాధ చాలనిపించింది, ఇక ఆపేద్దామా అని అడిగాను. "ఇప్పుడిప్పుడే నూనె గ్రంథులు కుంచించుకుంటున్నాయి. లోపలికి వెళ్లింది ఇంకా సగం మందే. ఇక్కడ ఆపితే మళ్లీ వచ్చే అవకాశం ఎక్కువ" అన్నారు డాక్టర్. నూనె తయారీ తగ్గడం, రంధ్రాలు మూసుకోకపోవడం, బ్యాక్టీరియా తగ్గడం, వాపు తగ్గడం, ఈ నాలుగింటి మీదా పని చేసే మొటిమల మందు ఇదొక్కటే. మధ్యలో వదిలేస్తే మొత్తం డోసు తక్కువ పడుతుంది. చిన్న వయసులో వాడినవాళ్లకు, వీపు ఛాతీల మీద ఉన్నవాళ్లకు, పీసీఓఎస్ లాంటి హార్మోన్ సమస్య ఉన్నవాళ్లకు తిరిగొచ్చే అవకాశం ఎటూ ఎక్కువే. వీపు లెక్కన నేనూ ఆ జాబితాలో ఉన్నాను. అందుకే కొనసాగించాను. ఆ నిర్ణయానికి ఇవాళ్టికీ సంతోషిస్తున్నాను.

పెదాల బాధ భరించలేకపోతే ఆపేయడం ఒక్కటే దారి కాదు. డోసు తగ్గించి గడువు పెంచమని అడగొచ్చు. మొత్తం చేరితే చాలు, ఆలస్యమైనా ఫర్వాలేదు. ఎవరంతట వాళ్లు రోజు విడిచి రోజు వేసుకోవడం మాత్రం మంచిది కాదు, 2024 మార్గదర్శకాలు కూడా రోజూ వేసుకోవడం వైపే మొగ్గాయి.

ఆపిన కొద్ది వారాల్లోనే పెదాలు మామూలయ్యాయి. కళ్ల పొడితనం పోవడానికి ఇంకొంచెం పట్టింది. మందు ఆపాక కూడా చర్మం మెరుగుపడుతూనే ఉంటుంది. అందుకే రెండో కోర్సు కావాల్సి వచ్చినా కనీసం ఎనిమిది వారాలు ఆగి చూస్తారు. నాకు ఆ అవసరం రాలేదు. మొటిమలకు పైపూతగా వాడే అడాపలీన్ జెల్ రాత్రిపూట రాస్తున్నాను. గుంటలకు మాత్రం ఈ మందు ఏమీ చేయదు, వాటికి వేరే చికిత్స కావాలి. లోతుగా చర్మాన్ని ఒరిపిడి చేసే డెర్మాబ్రేషన్, చర్మాన్నంతా పొరగా తీసే లేజర్ లాంటివి కోర్సులో ఉండగానూ, ఆపిన వెంటనేనూ చేయరు. ఇంతకుముందు అన్నిటికీ ఆరు నెలలు ఆగమనేవాళ్లు. ఇప్పుడు రసాయనంతో చర్మం పై పొర తీసే తేలికపాటి పీల్స్, కొన్ని రకాల లేజర్లకు అంత ఆగనక్కర్లేదంటున్నారు. గుంటలున్నవాళ్లు కోర్సు చివరి అపాయింట్‌మెంట్‌లోనే దీని గురించి అడిగి పెట్టుకోండి.