స్పిట్స్‌బెర్గెన్ యాత్ర: బసలు, పడవలు, దూరం పాటించాల్సిన తీరాలు

నార్వే ఉత్తర కొసకూ ఉత్తర ధ్రువానికీ ఇంచుమించు మధ్యలో స్వాల్‌బార్డ్ ద్వీపసమూహం ఉంది. అందులో అన్నిటికంటే పెద్ద ద్వీపం స్పిట్స్‌బెర్గెన్. ద్వీపసమూహం వైశాల్యం సుమారు 61,000 చదరపు కిలోమీటర్లు కాగా, దాదాపు 60 శాతం నేల హిమానీనదాల కింద ఉంది, 65 శాతం చట్టరీత్యా రక్షిత ప్రాంతం. అక్కడి యాత్ర ఎలా సాగాలో ఈ రెండు అంకెలే నిర్ణయిస్తాయి. రోడ్డు ఊరి పొలిమేరలోనే ఆగిపోతుంది. ఆపైన ఎక్కడికి వెళ్లాలన్నా వేసవిలో పడవ లేదా కాలినడక, చలికాలంలో స్నో స్కూటరే ప్రధాన మార్గం. ఏ తీరాన దిగవచ్చో, ఏ జంతువుకు ఎంత దూరంలో ఆగాలో చట్టమే చెబుతుంది. కాబట్టి ఇక్కడికి వచ్చేవారు హోటల్ కంటే పడవ విషయంలో, పడవ కంటే గైడు విషయంలో ఎక్కువ శ్రద్ధ పెట్టాలన్నది మా అభిప్రాయం.

ముందుగా వీసా సంగతి. 1920లో కుదిరిన స్వాల్‌బార్డ్ ఒప్పందంలో భారతదేశం కూడా భాగస్వామి. స్వాల్‌బార్డ్‌కు విడిగా వీసా అక్కర్లేదు. అయితే విమానాలు ఓస్లో నుంచో ట్రోమ్సో నుంచో వెళ్తాయి కాబట్టి షెంగెన్ (ఐరోపా దేశాల ఉమ్మడి) వీసా లేకుండా అక్కడికి చేరడం మనకు సాధ్యం కాదు. స్వాల్‌బార్డ్ షెంగెన్ పరిధిలో లేనందున అక్కడికి వెళ్లడం షెంగెన్ దాటి బయటికి వెళ్లినట్టే, తిరిగి రావడం రెండోసారి ప్రవేశించినట్టే లెక్క. అందుచేత రెండు లేదా అంతకన్నా ఎక్కువసార్లు ప్రవేశించేందుకు అనుమతించే వీసానే అడిగి తీసుకోవాలి.

సుమారు 2,500 మంది నివసించే ప్రధాన పట్టణం లాంగ్‌యియర్‌బ్యెన్‌లో బసలు మూడు రకాలు. సముద్రానికి దగ్గరగా ఊరి నడిబొడ్డున హోటళ్లు ఉన్నాయి. సౌకర్యంగా ఉంటాయి కానీ ఖరీదు చాలా ఎక్కువ. లోయ ఎగువ కొసన ఉన్న నీబ్యెన్‌లో ఒకప్పుడు బొగ్గు గని కార్మికులు ఉన్న బ్యారక్‌లను అతిథి గృహాలుగా మార్చారు. గదులు చిన్నవి, స్నానాల గదులు ఉమ్మడివి, ఊళ్లోకి రావాలంటే బాగా నడవాలి; అయినా హిమానీనదాలు దిగి వచ్చే లోయ కిటికీకి ఎదురుగా కనబడుతుంది. విమానాశ్రయం పక్కన వేసవిలో గుడారాలు వేసుకునే స్థలం కూడా ఉంది, కానీ గాలికీ చలికీ అలవాటు లేనివారికి దాన్ని సిఫార్సు చేయలేను. శాకాహారులకు మాత్రం ఉమ్మడి వంటగది ఉన్న బసే మేలు. ఊళ్లోని పెద్ద సూపర్‌మార్కెట్‌లో బియ్యం, పప్పులు, కూరగాయలు దొరుకుతాయి. అక్కడ స్థిరపడిన థాయ్ కుటుంబాలు చాలా ఉండటంతో అన్నంతో కూడిన భోజనానికీ లోటు ఉండదు. మేం దిగిన ఒక బసలో రోజంతా వాడుకోవచ్చని ప్రకటించిన వంటగదికి సాయంత్రమే తాళం వేశారు. పడవ దిగి ఆకలితో వచ్చేవారికి ఇది చిన్న ఇబ్బంది కాదు, కనుక బుక్ చేసే ముందే వేళలు రాతపూర్వకంగా అడగడం మంచిది. ఏ బసలోనైనా చెప్పులు, బూట్లు గుమ్మం దగ్గరే విడవాలి. గనుల కాలంలో బొగ్గు మసి ఇంట్లోకి రాకుండా మొదలైన ఈ పద్ధతిని హోటళ్లూ పాటిస్తున్నాయి. మనకైతే ఇది సొంత ఇంటి అలవాటే.

ఊరి నుంచి విమానాశ్రయం వైపు వెళ్తే కొండ వాలులో, వివిధ దేశాల పంట విత్తనాలను భద్రపరిచే ప్రపంచ విత్తన నిధి ద్వారం కనిపిస్తుంది. 2008లో ప్రారంభమైన ఈ నిధిలోకి యాత్రికులను అనుమతించరు, బయటి నుంచి చూసి రావలసిందే. అయినా తెలుగువారు అక్కడిదాకా వెళ్లి తీరాలని నేను గట్టిగా చెబుతాను. మన పటాన్‌చెరులోని ఇక్రిశాట్ నుంచి పంపిన జొన్న, సజ్జ, శనగ, కంది, వేరుశనగ విత్తనాలు ఆ కొండ గర్భంలో మైనస్ 18 డిగ్రీల చలిలో భద్రంగా ఉన్నాయి. శాశ్వతంగా గడ్డకట్టి ఉండే నేలనే నమ్ముకుని కట్టిన ఆ నిధి ప్రవేశ సొరంగంలోకి 2016లో అకాల వానలకు, కరుగుతున్న నేలకు నీరు చేరింది. విత్తనాలకు ఏమీ కాలేదు, తర్వాత సొరంగాన్ని పటిష్ఠం చేశారు. 2020 జూలైలో ఇక్కడి విమానాశ్రయం దగ్గర 21.7 డిగ్రీల ఉష్ణోగ్రత నమోదైందని తెలిశాక, ఆ ద్వారం ముందు నిలబడినప్పుడు మనసు నిమ్మళంగా ఉండలేదు.

ఒక్క రోజు పడవ ప్రయాణాల్లో పిరమిడెన్ వైపు వెళ్లేది చాలామంది ఎంచుకుంటారు. 1998లో మూతపడిన ఆ సోవియట్ గని పట్టణం కంటే దారిలో కనిపించే నోర్డెన్‌షోల్డ్ హిమానీనదమే మాకు నచ్చింది. సమయం తక్కువ ఉన్నవారికి ఇది చాలు.

వీలున్నవారు మాత్రం వాయువ్య తీరం వెంట రాత్రులు పడవలోనే గడుపుతూ సాగే యాత్రకే డబ్బు ఖర్చు చేయాలి. అట్లాంటిక్ నుంచి వచ్చే వెచ్చని సముద్ర ప్రవాహం పడమటి తీరాన్ని తాకుతుంది కాబట్టి వేసవిలో ఇక్కడ పడవలు తిరగగలవు. అదే అక్షాంశంలో తూర్పు తీరం మంచు పలకలతో మూసుకుపోయి ఉండవచ్చు. 2025 జనవరి 1 నుంచి రక్షిత ప్రాంతాల్లోకి వెళ్లే నౌకల్లో 200 మందికి మించి ప్రయాణికులు ఉండకూడదు, అక్కడ తీరానికి దిగడానికి 43 చోట్లనే అనుమతిస్తారు. మేం ఎక్కినది పది పన్నెండు మంది పట్టే చిన్న నౌక. గదులు ఇరుకు, కెరటాలకు ఊగుడు ఎక్కువ. కానీ దిగిన ప్రతి చోటా అందరం ఒకేసారి దిగి, గైడు చెప్పేది వినగలిగాం. పెద్ద నౌకలో వచ్చినవారు వంతుల కోసం ఎదురుచూడటం చూశాక, ఇరుకు గదికి ఎక్కువ చెల్లించినందుకు బాధ అనిపించలేదు.

కాంగ్స్‌ఫ్యోర్డ్ (ఫ్యోర్డ్ అంటే కొండల మధ్యకు చొచ్చుకొచ్చిన సన్నని సముద్రపు పాయ) ఒడ్డున ఉన్న నీ-ఓలెసుండ్ పరిశోధకుల ఊరు. 1962లో 21 మందిని బలిగొన్న ప్రమాదం తర్వాత అక్కడి గని మూతపడింది. 2008లో భారతదేశం ఇక్కడే హిమాద్రి పరిశోధన కేంద్రాన్ని ప్రారంభించింది. లోపలికి యాత్రికులకు ప్రవేశం లేకపోయినా, ఆ పేరు చదివినప్పుడు కలిగిన ఆనందం దాచుకోలేనిది. పరికరాలకు అంతరాయం కలగకుండా ఫోన్లలో వైఫై, బ్లూటూత్ ఆపివేయమంటారు; నేల మీదే గూళ్లు కట్టే పక్షుల కోసం దారి తప్పి అడుగు వేయవద్దంటారు. గూటికి దగ్గరగా వెళ్తే ఆర్కిటిక్ టెర్న్ పక్షి కీచుమని అరుస్తూ సూటిగా నెత్తి మీదికి దూకుతుంది. అప్పుడు చేతికర్రను తలకు పైన నిటారుగా పట్టుకోవాలి. అది ఎత్తైన కొసనే పొడుస్తుంది కాబట్టి తల క్షేమంగా ఉంటుంది.

మగ్దలీన ఫ్యోర్డ్‌లో తిమింగలాల వేటగాళ్ల పాత సమాధుల చుట్టూ గొలుసు కట్టారు. 1946కు ముందునాటి మానవ ఆనవాలు ఏదైనా, చివరకు తుప్పుపట్టిన ఇనుప మేకు అయినా, దానంతటదే రక్షిత వారసత్వం, ముట్టుకోరాదు, తీసుకోరాదు. మూడు శతాబ్దాల పైచిలుకు వేట వల్ల దాదాపు తుడిచిపెట్టుకుపోయిన, పొడవాటి దంతాలున్న సముద్ర జంతువులైన వాల్రస్‌లకు 1952లో రక్షణ దొరికింది. పూల్ కొస దగ్గర మా పడవ దూరంగానే ఆగినా గాలితో పాటు వాటి ఘాటైన వాసన వచ్చింది. ఒకదాని మీద ఒకటి వాలి పడుకున్న ఆ మందలో ఒకటి మెల్లగా తల ఎత్తి, దంతాన్ని పక్కదాని వీపుకు ఆన్చి, మళ్లీ కళ్లు మూసుకుంది. మా రాక వాటి నిద్రను చెడగొట్టలేదు.

ధ్రువపు ఎలుగుబంటి విషయంలో కొందరు సహయాత్రికులు అసంతృప్తి చెందారు. 2025 నుంచి దానికి కనీసం 300 మీటర్ల దూరం పాటించాలి, మార్చి 1 నుంచి జూన్ 30 వరకు 500 మీటర్లు. బైనాక్యులర్‌లో అది వాలు మీద కదిలే లేతపసుపు చుక్కగానే కనిపించింది. అయినా ఈ నియమం న్యాయమైనదే. ఆ వసంత నెలల్లోనే పిల్లలతో గుహల నుంచి వెలువడిన తల్లులు సముద్రపు మంచు మీద సీళ్లను వేటాడి ఏడాదికి కావలసిన కొవ్వు కూడబెట్టుకుంటాయి. మంచు తగ్గిపోతున్న కాలంలో ఒక పడవను చూసి వేట వదిలి పరుగెత్తినా వాటికి నష్టమే.

డబ్బు కట్టే ముందు పడవ సంస్థను మూడు విషయాలు అడగండి: ఒక్కో గైడు వెంట ఎంతమందిని దింపుతారు, దిగాల్సిన చోట ఎలుగుబంటి కనిపిస్తే ఏం చేస్తారు, మంచు అడ్డుపడి దారి మారితే డబ్బు వాపసు ఉంటుందా. రెండో ప్రశ్నకు ఆ చోటు వదిలి వెళ్లిపోతామనే జవాబు వెంటనే రాకపోతే ఆ పడవ ఎక్కవద్దు. ఊళ్లోని ఆసుపత్రి చిన్నది, తీవ్రమైన కేసులను విమానంలో ట్రోమ్సోకు తరలిస్తారు. కాబట్టి గాలింపు, రక్షణ ఖర్చులను కూడా భరించే బీమా తీసుకునే బయలుదేరాలి.