లేజరా, అయస్కాంతమా, సూదిమొనా: సింగిల్ మాలిక్యూల్ పీహెచ్‌డీకి ఏది మేలు?

ఎంఎస్సీ ఫిజిక్స్ అయ్యాక బెంగళూరులో బయోఫిజిక్స్ చేయాలనుకునే మన పిల్లలు ముందు చూసేది ఇన్‌స్టిట్యూట్ పేరు. ఐఐఎస్‌సీనా, ఎన్‌సీబీఎస్‌నా, రామన్ ఇన్‌స్టిట్యూటా, జక్కూరు జేఎన్‌సీనా అని తర్జనభర్జన పడతారు. నేనైతే ముందు పనిముట్టు చూడమంటాను. ఒక్క అణువును పట్టి లాగి, ఎంత బలానికి సాగుతుందో, ఎక్కడ విడివడుతుందో కొలవడమే ఈ రంగం పని. లాగే పద్ధతులు ప్రధానంగా మూడు: లేజర్‌తో, సూదిమొనతో, అయస్కాంతంతో. ఐదారేళ్లు దేనితో కుస్తీ పడతారో, చివరికి చేతిలో మిగిలే విద్య అదే.

అందరి మోజూ ఆప్టికల్ ట్వీజర్స్ మీదే, అంటే లేజర్ కాంతితో పూసను పట్టుకుని, దానికి అతికించిన అణువును లాగే పట్టకారు. అందులో తప్పేం లేదు. 1986లో బెల్ ల్యాబ్స్‌లో ఆర్థర్ ఆష్కిన్ బృందం ఒకే లేజర్ కిరణంతో సూక్ష్మమైన పూసను పట్టి నిలిపింది. ఆయనకు నోబెల్ వచ్చింది 2018లో, 96వ ఏట! కైనెసిన్ అనే మోటార్ ప్రోటీన్ 8 నానోమీటర్ల అంగలు వేస్తుందని 1993లో తేలింది దీనితోనే. మన దేశంలో రూప్ మల్లిక్ ఫిజిక్స్ నుంచి వచ్చి, కణం లోపల సరుకు మోసే మోటార్ల మీద ఇదే పద్ధతితో పనిచేసి 2018లో ఇన్ఫోసిస్ ప్రైజ్ అందుకున్నారు.

ఇక రోజువారీ పని సంగతి. రెండు పాలిస్టైరిన్ (ప్లాస్టిక్) పూసలు, వాటి మధ్య 16 మైక్రాన్ల పొడవున్న ల్యాంబ్డా అనే వైరస్ డీఎన్ఏ ఉండాలి. పూసలను దగ్గరికి తెచ్చి, కాసేపు ఆగి, మెల్లగా దూరం జరుపుతారు. చాలాసార్లు మధ్యలో ఏమీ ఉండదు. ఉన్నా రెండు పోగులు పడి ఉండొచ్చు. ఒక్కటే పడిందని చెప్పేది గ్రాఫే: 65 పికోన్యూటన్ల (పికోన్యూటన్ అంటే న్యూటన్ బలంలో లక్ష కోట్లవ వంతు) దగ్గర డీఎన్ఏ ఉన్నట్టుండి 1.7 రెట్లకు సాగుతుంది, గీత బల్లపరుపుగా పోతుంది. అదే గీత 130 దగ్గర కనిపిస్తే రెండు పోగులన్నమాట, మళ్లీ మొదలు. సాధారణంగా వాడే 1064 నానోమీటర్ల లేజర్ కంటికి కనపడదు కాబట్టి అలైన్‌మెంట్ అంతా, ఆ కాంతి పడితే మెరిసే ప్రత్యేకమైన కార్డు మీది చుక్కను చూస్తూ చేయాలి. ఏసీ గాలి తగిలినా, పక్కన తలుపు దబ్బున పడినా డేటా ఊగుతుంది. అందుకే రాత్రిళ్లు పని. కొత్తగా కట్టే సెటప్ అయితే రెండేళ్లు తేలిగ్గా పోతాయి. ఫెలోషిప్ చూస్తే ఐదేళ్లే: మొదటి రెండేళ్లు నెలకు 37,000, ఆపైన 42,000, దానికి హెచ్ఆర్ఏ. మూడో ఏట కూడా డేటా లేకపోతే వచ్చే టెన్షన్ మామూలుగా ఉండదు.

ఏఎఫ్ఎం (అటామిక్ ఫోర్స్ మైక్రోస్కోప్) కథ వేరు. సన్నని సూదిమొనతో ప్రోటీన్‌ను పైకి లాగుతారు. 1997లో కండరాల్లోని టైటిన్‌ను ఇలా లాగితే మడతలు ఒక్కొక్కటే విడిపోయి, గ్రాఫు రంపపు పళ్లలా వచ్చింది. పన్నుకూ పన్నుకూ మధ్య 25 నుంచి 28 నానోమీటర్లు, బలం 150 నుంచి 300 పికోన్యూటన్లు. అంత గట్టి ప్రోటీన్లకు ఇది భేష్. నాలుగైదు పికోన్యూటన్లతో బండి లాగే మోటార్లకు మాత్రం పనికిరాదు. కానీ ఉద్యోగం మాటకొస్తే దీనిదే పైచేయి. ఏఎఫ్ఎం మెటీరియల్స్ ల్యాబుల్లోనూ, సెమీకండక్టర్, కోటింగ్స్ పరిశ్రమల్లోనూ ఉంటుంది. అక్కడ ఆప్టికల్ ట్వీజర్స్ అంటే ఎవరూ గుర్తుపట్టరు.

నా ఓటు అయితే మాగ్నెటిక్ ట్వీజర్స్‌కే. ఇందులో అణువుకు అయస్కాంతపు పూసను అతికించి, పైనున్న అయస్కాంతాలతో లాగుతారు. మైక్రోస్కోపు, కెమెరా, రెండు అయస్కాంతాలు, ఓపిగ్గా రాసిన కోడ్ ఉంటే చాలు, మొదలుపెట్టొచ్చు. ఒకేసారి పదుల పూసలను చూడొచ్చు, ఒకే బలం దగ్గర గంటల తరబడి ఉంచొచ్చు. అయస్కాంతాన్ని తిప్పితే డీఎన్ఏ మెలి తిరుగుతుంది. డీఎన్ఏ మెలికలు విప్పే టోపోఐసోమరేజ్ అనే ఎంజైమ్ పని గురించి ఎంతో నేర్పింది ఈ కిటుకే. వేగంలోనూ సూక్ష్మతలోనూ లేజర్ కంటే ఓ మెట్టు కిందే, ఒప్పుకోవాలి. అయితే కెమెరాలో పూస చుట్టూ కనిపించే వలయాలను ట్రాక్ చేసే ప్రోగ్రామ్ సొంతంగా రాసినవాడికి బెంగళూరులో ఇమేజ్ అనాలిసిస్ ఉద్యోగం వెతుక్కోవడం కష్టం కాదు. ప్రొఫెసర్ అవ్వాలంటే మూడింటిలో ఏది చేసినా చాలామటుకు విదేశీ పోస్ట్‌డాక్ తప్పదు, అక్కడ పెద్ద తేడా లేదు.

మోటార్ ప్రోటీన్ల మీదే మనసుంటే ఇదంతా పక్కన పెట్టి లేజర్ దగ్గరికే వెళ్లండి. కాకపోతే రెడీమేడ్ మెషీన్ కొని బటన్లు నొక్కించే ల్యాబు కంటే, సొంతంగా కట్టుకున్న సెటప్ నడుస్తున్న ల్యాబు నయం. ఇంకా డబ్బాల్లోంచి సామాను తీస్తున్న ల్యాబు ఈ రెండింటికన్నా రిస్కు. ఇది ఇంటర్వ్యూ గదిలో తెలియదు. సార్‌ని కాదు, మూడో ఏడు చదివే సీనియర్‌ని క్యాంటీన్లో పట్టుకుని, ఆఖరిసారి మంచి డేటా ఎప్పుడొచ్చిందని అడగండి.