మెలికసీమలో దారి చూపే పరికరాలు, చాలా కాలం వాడాక నా రివ్యూ

మా బ్యాచ్ ఆదివారాలు పద్మారావు నగర్‌లో ఒక ఫ్రెండ్ వాళ్ళ మేడ మీద టేబుల్‌టాప్ రోల్ ప్లేయింగ్ గేమ్ ఆడుతుంటాం, అంటే టేబుల్ చుట్టూ కూర్చుని తలా ఒక పాత్రగా మాటలతో కథ నడిపే ఆట. లోకం మొత్తం ఆట నడిపించే మా గేమ్ మాస్టర్ సొంతంగా కల్పించిందే, పేరు మెలికసీమ. అక్కడ టైమ్ ఒక్క తీరుగా నడవదు, ఒక లోయలో పొద్దు గుంకేలోపు పక్క లోయలో పంట కోతకొచ్చేస్తుంది, నేల, దారులు కూడా కదులుతుంటాయి, దీన్నే మేం మెలిక అంటాం, మంత్రం వేసిన ప్రతిసారీ అది ఇంకా బిగుస్తుంది. మొదట్లో కథలో మా పాత్రల గుంపు రెండుగా విడిపోయిందంటే చాలు లొల్లే, ఎవరికి ఎంత టైమ్ గడిచింది, ఎవరి గాయం మానింది అని సగం సెషన్ అక్కడే అయిపోయేది. తర్వాత మా గేమ్ మాస్టర్ మూడు పరికరాలు దింపాడు. మూడింటినీ బాగా నలిగేదాకా వాడాం కాబట్టి ఇలాంటి లోకం కట్టుకునేవాళ్ళకి పనికొస్తుందని రాస్తున్నా.

ముందు గడియ కుడుక, ఎందుకంటే నా ఓటు దానికే. మనవాళ్ళు పాతకాలంలో నిజంగా వాడిన వస్తువే ఇది, అడుగున సన్న చిల్లు ఉన్న గిన్నె, నీళ్ళ మీద పెడితే మెల్లగా నిండి మునుగుతుంది, ఒకసారి మునిగితే ఒక గడియ, అంటే 24 నిమిషాలు, అలాంటివి 60 అయితే ఒక రోజు. పంచాంగంలో ఇప్పటికీ గడియలు, విఘడియలు అని చూస్తాం గదా, ఆ లెక్కే. గేమ్‌లో రూల్ ఏంటంటే కుడుక తేలుతున్నంతసేపు, కేక వినపడేంత దూరంలో ఉన్న అందరికీ టైమ్ ఒక్కటే, నేల కదలదు, దారి మారదు. మునిగిందా, మళ్ళీ తేల్చాలంటే ఎవరో ఒకరు తమ జ్ఞాపకం ఒకటి వదులుకోవాలి. మావాడు బేగంబజార్‌లో చిన్న రాగి గిన్నె కొని, చిల్లు వేయించి, నిజంగానే బకెట్‌లో తేల్చి మా మధ్యలో పెడతాడు. చిల్లు దగ్గర నీళ్ళు సన్నగా ఉబుకుతుంటాయి, గిన్నె నిండే కొద్దీ ఆ ఉబుకు కనపడకుండా పోతుంది, చివర్లో అంచు నీళ్ళకి సమానంగా వచ్చి ఒక్క క్షణం ఆగినట్టుండి గుబుక్కున పోతుంది. ఆ చివరి నిమిషంలో అందరి కళ్ళూ బకెట్ మీదే, "అరె తొందరగా చెప్పు, ఎటు పోదాం" అని ఎవడో ఒకడు అరుస్తూనే ఉంటాడు. ఫోన్‌లో టైమర్ పెట్టి కూడా ఆడి చూశాం, ఆ బిగి రాలేదు, ఫోన్ ఒక్కడి చేతిలో ఉంటుంది, బకెట్ అందరిదీ. ఇబ్బంది ఏంటంటే బోరు నీళ్ళకి చిల్లు చుట్టూ తెల్లగా ఉప్పు కట్టి గిన్నె ఆలస్యంగా మునుగుతుంది, నిమ్మచెక్కతో రుద్దితే పోతుంది. ఎండాకాలం నీళ్ళు వేడిగా ఉంటే కాస్త ముందే మునుగుతుంది, దాన్ని కూడా కథలో కలిపేసుకున్నాం, వేసవిలో సీమ ఎక్కువ మెలి తిరుగుతుందని.

రెండోది జంటముల్లు. ఒక ముల్లు ఉత్తరం చూపిస్తుంది, రెండోది మనం బయల్దేరిన ఊళ్ళో ఇప్పుడు టైమ్ ఎంతో చూపిస్తుంది, ఇక్కడ మిట్టమధ్యాహ్నం అయినప్పుడు దాన్ని చూసుకుంటే తూర్పుకో పడమరకో ఎంత జరిగామో తెలిసిపోతుంది. ఓడలవాళ్ళ లెక్క ఇది, భూమి గంటకి 15 డిగ్రీలు తిరుగుతుంది, అంటే డిగ్రీకి 4 నిమిషాలు. సముద్రం మీద ఈ కొలత పట్టినవాళ్ళకి బహుమతి ఇస్తామని బ్రిటన్ 1714లో చట్టమే చేసింది, జాన్ హారిసన్ అనే వడ్రంగి దానికి సరిపోయే గడియారం చేసి చూపించాడు. ఈ లెక్క ఎవరికీ సరిగ్గా ఎక్కకపోతే మావాడు మేడ మీద కర్ర నిలబెట్టి నీడ చూపించాడు. మన దేశం టైమ్ కాకినాడ దగ్గర్నుంచి పోయే 82.5 డిగ్రీల రేఖాంశం గీతది, హైదరాబాద్ 78.5 దగ్గర, తేడా 4 డిగ్రీలు, అంటే 16 నిమిషాలు, అందుకే ఇక్కడ నీడ అన్నిటికంటే పొట్టిగా అయ్యేది సగటున 12:16 ప్రాంతంలో, నెలని బట్టి కొంచెం అటూ ఇటూ. అది కళ్ళారా చూశాక గేమ్‌లో పొగమంచు కోన అనే చోట ముల్లు తేడా చూపిస్తే మారు మాట్లాడకుండా వెనక్కి తిరిగాం. కొత్తవాళ్ళకి మాత్రం ఈ లెక్క బరువే.

మూడోది నాలుగు స్తంభాలు. సీమ నాలుగు మూలలా నిలబెడితే ఒకదానికొకటి టైమ్ పంపుకుంటూ సీమనంతా కుదురుగా పట్టి ఉంచుతాయి. ఫోన్‌లో మన లొకేషన్ తెలిసేది కూడా ఇలాగే, ఎక్కడున్నామో దానికి మూడు కొలతలు, టైమ్‌కి ఇంకోటి, అందుకే కనీసం 4 శాటిలైట్లు కావాలి. జీపీఎస్ శాటిలైట్లలో గడియారాలు కింద ఉన్న వాటికంటే రోజుకి సుమారు 38 మైక్రోసెకన్లు (సెకనులో పది లక్షల వంతు ఒక మైక్రోసెకను) ముందుకి పోతాయట, సరిచేయకుండా వదిలేస్తే రోజు తిరిగేసరికి కిలోమీటర్ల తప్పు. ఇది విన్నప్పుడు నాకు ఒళ్ళు జలదరించింది, మేం కల్పన అనుకున్న మెలిక నిజంగానే మన నెత్తి మీద తిరుగుతోంది. కానీ గేమ్‌లో మాత్రం స్తంభాలు నాకు నచ్చలేదు, నాలుగూ నిలబడ్డాక భయమే లేదు, పైగా ఏ స్తంభం ఎంత వెనకబడిందో ప్రతి సెషన్‌కీ లెక్క రాసుకోవాలి. ఒక స్తంభం ఎప్పుడూ విరిగే ఉండాలని రూల్ మార్చాకే మళ్ళీ ఊపొచ్చింది.

కొత్తగా మొదలుపెట్టేవాళ్ళకి కుడుక ఒక్కటి చాలు. చిల్లు ముందు బాగా సన్నగా వేయించండి, తర్వాత గుండుసూదితో కొంచెం కొంచెం పెంచుకోవచ్చు, పెద్దదైతే పూడ్చడం తలనొప్పి. తేల్చే ముందు ప్రతిసారీ గిన్నె లోపల పొడిగా తుడవండి.