కోతిరాజుకు ప్రేమ కుదిరిన సినిమా: ఎ చైనీస్ ఒడిస్సీ (1995), రెండు భాగాలూ

చైనా కథల్లోని కోతిరాజు సన్ వుకోంగ్‌కు ప్రేమకథ అల్లడం తేలిక కాదు. పదహారో శతాబ్దపు 'పశ్చిమ యాత్ర' నవలలో అతనికి ఆడగాలి సోకదు. మాయా విసనకర్ర కొట్టేయడానికి వృషభరాజు అనే రాక్షసుడి వేషం వేసి, ఆ రాజు భార్య పక్కన కూర్చుని మద్యం తాగుతాడు గానీ అదంతా టోకరాయే. మన సువర్చలా సమేత ఆంజనేయుడు పెళ్లయినా బ్రహ్మచారే కదా, ఇదీ అలాంటి చిక్కే.

ఈ సినిమా దర్శకుడు జెఫ్ లావ్ ఈ చిక్కును తలకు బిగిసే బంగారు కడియంతో విప్పాడు. నవలలో గురువు మంత్రం చదివితే అది బిగుస్తుంది. ఇక్కడ మంత్రం అక్కర్లేదు, మనసులో మోహం పుడితే చాలు. కడియం లేకపోతే ప్రేమించిన జిషియాను కాపాడే శక్తి రాదు, పెట్టుకుంటే ఆమెను ప్రేమించే వీలుండదు. చివరి పోరులో ఆమె చెయ్యి పట్టుకున్న వుకోంగ్ ఎందుకు వదిలేస్తాడో చెప్పడానికి ఒక్క డైలాగు కూడా అవసరం పడలేదు.

మొదటి భాగంలో స్టీఫెన్ చౌ తాను వుకోంగ్‌నని తెలియని దొంగల నాయకుడు. ప్రియురాలు జింగ్‌జింగ్ చావును ఆపాలని వెన్నెల పెట్టెతో కాలంలో వెనక్కి దూకుతాడు. వెన్నెల ఉంటేనే అది పనిచేస్తుంది. మంత్రమేమో చైనా నోట్లో నలిగిన మన బౌద్ధుల 'ప్రజ్ఞాపారమిత'. ప్రతిసారీ ఆలస్యమే, చివరికి గురి తప్పి 500 ఏళ్లు వెనక్కి పోయి జిషియా ముందు పడతాడు. ప్రేమ ఎటు మళ్లిందో అతనికే తెలియదు. నిద్రలో జింగ్‌జింగ్ పేరు 98 సార్లు, జిషియా పేరు 784 సార్లు పలవరించాడని పక్కవాళ్లు లెక్క చెప్పాలి! నవ్వించే లెక్కే, అయినా గుచ్చుకుంటుంది.

లోపాలున్నాయి. మొదటి భాగం ఆరంభమంతా మోటు హాస్యం. నాయకుడి తొడల మధ్య మంటను అనుచరులు తొక్కి ఆర్పే సీను దగ్గరే చాలామంది ఆపేస్తారు. కారెన్ మోక్ పోషించిన జింగ్‌జింగ్‌ను రెండో భాగం మధ్యలోనే వదిలేసింది. అది అన్యాయం. అథీనా చూ జిషియాగా వెలిగిపోయింది కాబట్టి ఆ లోటు పెద్దగా కనబడదు.

ఒక్కొక్కటి గంటన్నర చొప్పున ఉంటాయి, ఒకే సాయంత్రం వరసగా చూడండి. రెండోదాన్ని ముందు చూస్తే కోటగోడ మీది ముగింపు సగమే అందుతుంది. దూరంగా వెళ్లిపోతున్న వుకోంగ్‌ను చూసి అతని ముఖమే ఉన్న యోధుడు, 'వాడు అచ్చం కుక్కలా ఉన్నాడు' అంటాడు.