గండభేరుండ కనుమ పూటకూళ్ల ఇల్లు: ఊట వంట తినండి, వేపుడు అడక్కండి

కనుమ దాటి అవతలికి పోయేవాళ్లకి మధ్యలో అన్నం పెట్టే చోటు ఇదొక్కటే. బాగున్నా బాగోకపోయినా ఇక్కడే తినాలి. కాకపోతే ఏం తినాలో, ఏం ముట్టుకోకూడదో తెలిసి వెళ్తే కడుపూ నిండుతుంది, డబ్బులూ మిగులుతాయి.

ఈ దారిలో కొత్తవాళ్లకి ఒక మాట. ఈ లోయలో ఎవరూ పొయ్యి వెలిగించరు. పైన కొండ చరియల్లో గండభేరుండాల గూళ్లున్నాయి. పొగ కనిపిస్తే చాలు, దిగొచ్చేస్తాయి. ఒక తల చూసీ చూడనట్టు వదిలేసినా రెండోది వదలదట. అందుకే తరతరాలుగా ఇక్కడ వంటంతా వేడినీటి ఊటల్లోనే. ఇంటి వెనక మెట్లు మెట్లుగా మూడు గుంటలు. పై గుంటలో నీళ్లు తెర్లుతుంటాయి. నడిగుంటలో వేలు పెడితే చటుక్కున తీసేస్తాం. కింది గుంట గోరువెచ్చన. మూతికి తోలు బిగించిన కుండల్ని తాళ్లతో దించడం, లాగడం, వంటంటే అంతే. చాలా ఏళ్లు పడవల మీద వంట చేసినదాన్ని నేను. మసి లేని వంటిల్లు చూసి నాకు కుళ్లొచ్చింది.

కొండకోడి గుడ్లతో మొదలుపెట్టండి. నడిగుంటలో రెండు ఘడియలు ఉంచి తీస్తారు. పగలగొడితే తెల్లసొన ఇంకా జారుతూనే ఉంటుంది, పచ్చసొన మాత్రం ముద్దలా గట్టిపడి ఉంటుంది. పొయ్యి మీద వండేవాళ్లకి ఇది తలకిందుల వ్యవహారం. తెల్లసొన బాగా బిగుసుకోవాలంటే ఇంకా వేడి కావాలి, పచ్చసొనకి ఆ గుంట వేడి సరిపోతుంది. పైన ఉప్పు, పుల్లాకు పొడి. పక్కన కూర్చున్న ఉప్పు వర్తకుడు ఉడకలేదని గొడవ చేసి గుడ్డు వెనక్కి పంపించాడు. వాడి ఖర్మ.

అసలు ఈ ఇంటికి రావలసింది నీలిచోడి జావ కోసం. చోళ్లు విసిరి, పై గుంటలో గరిటె నిలబడేంత చిక్కగా ఉడికిస్తారు. కాస్త చల్లారాక అందులో మొలకెత్తించి ఎండబెట్టిన చోళ్ల పిండి కలిపి, కుండని నడిగుంటలోకి దించుతారు. దించేముందు వేలితో తీసుకుని నాలిక మీద వేసుకున్నాను. మట్టి వాసన, చప్పటి పిండి, అంతే. జాము గడిచాక అదే కుండ మూత విప్పితే ముద్ద కాస్తా పల్చబడి గిన్నెలోకి ధార కట్టింది. నోట్లో పెట్టుకుంటే తియ్యగా ఉంది! తేనె కలిపారేమోనని ఆ ఇంటి కోడల్ని నిలదీశాను.

“తేనె మాకెక్కడిది అత్తా? ఆ తీపి మొలకదే. కుండ పై గుంటలోకి జారిందా, ఇక ఎంతసేపు ఉంచినా చప్పగానే ఉంటుంది” అంది.

నిజమే. అంత వేడికి మొలకలోని గుణం చచ్చిపోతుంది. వేడి మరీ తక్కువైతే పులుస్తుంది. ఆ మధ్య వేడి కనిపెట్టుకుని కూర్చునే ఓపిక వాళ్లది. రెండో గిన్నె అడిగితే డబ్బులు తీసుకోలేదు.

కొండగొర్రె తొడ కూడా బాగుంది. సాయంత్రం కుండలో పెట్టి దించితే పొద్దున్నకి ఎముక దానంతటదే ఊడొస్తుంది. రంగుకి పాలిపోయి ఉంటుంది, కాలిన కమ్మదనం ఉండదు, చూడగానే నోరూరదు. ఉప్పులో మగ్గిన చేపల నీళ్లు పైన పోసుకుంటే ఆ లోటు తెలియదు.

పప్పు మాత్రం వద్దు. ఇంత ఎత్తులో నీళ్లు తొందరగా మరుగుతాయి గానీ మైదానంలో ఉన్నంత వేడెక్కవు. పైగా ఊట నీళ్లలో సున్నం ఉంది. గింజ గింజలానే పంటికి తగులుతుంది. నానబెట్టి రుబ్బి ఆవిరి మీద పెట్టిన ఉండలు అడగండి, అవి మెత్తగా వస్తాయి.

ఇక వేపుడు. మామూలు భోజనం 4 రాగి బిళ్ళలైతే ఒక్క వేపుడే 7. కింద నేలమాళిగలో బొగ్గుల కుంపటి పెట్టి దొంగచాటుగా చేస్తున్నారు. మైదానం నుంచి వచ్చేవాళ్లు అడుగుతున్నారట, అదీ కారణం. పుట్టి బుద్ధెరిగి నిప్పు మీద వండని చేతులు, వేపుడు ఎలా వస్తుంది? పైన మాడింది, లోపల నెత్తురు కారుతోంది. కుంపటి రాజేసినంతసేపూ కిటికీలు బిడాయించి, ఇంటివాళ్లంతా పైకప్పు మీద ఏ చప్పుడైందా అని చెవులు రిక్కించుకుని కూర్చున్నారు. ఆ టెన్షన్‌లో నాకు ముద్ద దిగలేదు. ఊరి పెద్దలకి తెలిస్తే ఈ ఇంటికి ఊటలో వాటా తీసేస్తారు. అప్పుడా జావ ఎవరు పోస్తారు? మనం అడగడం మానేస్తే వాళ్లూ కుంపటి ఆర్పేస్తారు. మసాలాల మీద అంత మనసుంటే పొడి మూట కట్టుకుని వెళ్లండి, ఏమీ అనుకోరు.

మాంసం కావాలంటే ముందురోజు చీకటి పడకముందే కబురు పెట్టాలి. జావ పొద్దెక్కేసరికి అయిపోతుంది. పడుకోవడానికి అరుగు ఇస్తారు, దానికి 1 బిళ్ళ. దుప్పటి మాత్రం మీరే తెచ్చుకోవాలి. చుట్ట అలవాటున్నవాళ్లు గుమ్మం దగ్గరే ఇచ్చేసి లోపలికి వెళ్లండి, వెళ్లేటప్పుడు తిరిగి ఇస్తారు.