కాంటా చిట్టీ ఆఫీసులో వస్తే: సర్వర్ ప్రింటర్లతో నాలుగేళ్లు

మిర్యాలగూడ దగ్గర ఒక రైస్ మిల్లులో లెక్కలు రాస్తాను, కంప్యూటర్ల బాధ్యత కూడా నాదే. 9 మందిమి ఒకే విండోస్ సర్వర్‌లోకి రిమోట్ డెస్క్‌టాప్‌తో (ఎవరి పీసీలో వాళ్లు సర్వర్ స్క్రీన్ తెరిచి) వెళ్లి ట్యాలీ వాడుతున్నాం, నాలుగేళ్లయింది. సర్వర్‌తో పేచీ లేదు, ఏడిపించిందంతా ప్రింటర్లే.

మొదట్లో ప్రింటర్ రీడైరెక్షన్ ఆన్ చేసి వదిలేశాను. ఎవరి పీసీకున్న ప్రింటర్ వాళ్ల సెషన్‌లో కనిపిస్తుంది, సర్వర్‌లో డ్రైవర్ వేయనక్కర్లేదు, విండోస్‌లోనే ఉండే ఈజీ ప్రింట్ అనే ఉమ్మడి డ్రైవర్ చూసుకుంటుంది. లేజర్ వరకు బాగుంది. కాకపోతే ప్రింటర్ పేరు చివర రీడైరెక్టెడ్ 3 అనో 7 అనో సెషన్ నంబర్ తగిలిస్తుంది, మళ్లీ లాగిన్ అయితే ఆ నంబర్ మారిపోతుంది, ట్యాలీలో మాత్రం పాత పేరే ఉంటుంది. పొద్దున్నే నాకొచ్చే మొదటి ఫోన్ ఇదే.

కాంటా రూములో డాట్ మ్యాట్రిక్స్ సంగతి ఇంకా ఘోరం. ఈజీ ప్రింట్‌లో వెళ్తే ప్రింటర్ సొంత అక్షరాలు వాడదు, చిట్టీ మొత్తాన్ని బొమ్మలా గీస్తూ కూర్చుంటుంది. యాసంగి వడ్లు దిగే రోజుల్లో బయట ట్రాక్టర్లు వరుస కట్టి ఉంటే ఒక రైతు "ఏంది సారూ, చేత్తోనే రాసియ్యరాదు" అన్నాడు. రాసిచ్చాను కూడా.

ఇప్పుడు రీడైరెక్షన్ తీసేశాను. ప్రింటర్లకు మారని ఐపీలు ఇచ్చి, నెట్‌వర్క్ ప్రింటర్లు వాడే 9100 పోర్టు మీద సర్వర్‌లోనే పెట్టి, వాటి సొంత డ్రైవర్లు నేనే అడ్మిన్‌గా వేశాను (2021లో విండోస్ ప్రింటింగ్‌లో ప్రింట్‌నైట్‌మేర్ అనే భద్రతా లోపం బయటపడ్డాక వచ్చిన ఆగస్టు అప్‌డేట్ నుంచి మామూలు యూజర్ డ్రైవర్ వేసుకోలేడు). చివరగా వాడిన ప్రింటర్‌నే డిఫాల్ట్ చేసే సెట్టింగ్ ఆపేశాను. లాగిన్ స్క్రిప్ట్ ఏ పీసీ నుంచి వచ్చారో చూసి డిఫాల్ట్ పెడుతుంది, అంటే ప్రింటర్ మనిషిది కాదు, కుర్చీది. రీడైరెక్షన్‌కు 5లో 2 ఇస్తాను, దీనికి 4. ఆ ఒక్కటి ఎందుకు కోశానంటే ప్రింట్లను వరుసలో పెట్టి పంపే స్పూలర్ సర్వర్‌లో అందరికీ ఒకటే, అది ఆగితే 9 మందికీ ఆగినట్టే.

కుదరనిది ఇంకొకటుంది. ఆఫీసులో సైన్ ఔట్ కాకుండా ఎక్స్ నొక్కితే సెషన్ సర్వర్‌లో అలాగే తెరిచి ఉంటుంది, అదే సెషన్‌లోకి కాంటా రూము నుంచి వస్తే స్క్రిప్ట్ నడవదు, చిట్టీ ఆఫీసు లేజర్‌లో వస్తుంది. వదిలేసిన సెషన్‌ను 15 నిమిషాలకు మూసేలా పెట్టి చూశాను, సగం కొట్టిన వోచర్లు పోయాయని అందరూ నా మీద పడ్డారు. అది తీసేసి ప్రతి మానిటర్‌కూ "సైన్ ఔట్ అవ్వండి" అని చీటీ అంటించాను. మా గుమస్తా ఆ చీటీ కిందే రోజూ ఎక్స్ నొక్కి వెళ్తాడు.